రెక్కలక్క బొటనవేలు

ఒక మనిషి ఫలానా రోజున పనికి రాలేదని, అదే రోజున పనిలో అశ్రద్ధ చూపిందని ఒకే కాగితం మీద, ఒకే సంతకం కింద రాయగల ప్రతిభావంతులు మన కార్యాలయాల్లో ఉన్నారు. ఆ కాగితం నా దగ్గర ఉంది. అది మా తమ్ముడి భార్యకు వచ్చిన మెమో. మొదటి పేరా ప్రకారం ఆమె వరసగా ఏడు గురువారాలు గైర్హాజరైంది. రెండో పేరా ప్రకారం ఆ ఏడో గురువారం నాడే తన నిర్లక్ష్యం చేత నూట అరవై మంది తినవలసిన కోడి రెక్కలను పాడుచేసింది. రాకుండానే పాడుచేసిందన్నమాట! చివరి వాక్యంలో, ఉద్యోగం నుంచి ఎందుకు తొలగించకూడదో పది రోజుల్లో చెప్పుకొమ్మన్నారు.

కోపంలో రాసింది సగం అబద్ధమవుతుందని ఎక్కడో చదివాను. అందుకే ఆ కోపాన్ని ఏడాది పాటు ఆరబెట్టి ఇప్పుడు రాస్తున్నాను. అది ఆరలేదు.

ఆమెను క్యాంటీన్‌లో అందరూ రెక్కలక్క అంటారు. ఎనిమిది అంతస్తుల కార్యాలయం, కింది అంతస్తులో వెనకవైపు వంటగది, అందులో మనిషెత్తు ఓవెన్. పంతొమ్మిదేళ్లుగా ఆ ఓవెన్ ఆమెది. మిగతా రోజుల్లో ఏం వండినా, గురువారం మాత్రం రెక్కలు కాలుస్తుంది. ఆ రోజున ఎనిమిదో అంతస్తు వాళ్లు కూడా లిఫ్టు కోసం ఆగకుండా మెట్లు దిగి వస్తారని ప్రతీతి.

ఆ వంట ఆమెది కాదని ఆమే ముందుగా చెబుతుంది. పెళ్లికి ముందు ఒక అతిథిగృహంలో గిన్నెలు కడిగే పనికి కుదిరింది. అక్కడి పెద్ద వంటమనిషి ఎక్కడో సముద్రం మధ్య ఉన్న దీవి నుంచి వచ్చిన ముసలామె. ఒకరి భాష ఒకరికి రాదు. అయినా మూడేళ్లు పక్కపక్కన నిలబడి పనిచేశారు. ముసలామె వేళ్లు చూపించేది, ముక్కు ఎగబీల్చేది, తప్పు చేస్తే గరిటెతో మణికట్టు మీద ఒక్కటిచ్చేది. ఆ చదువు నుంచి మా మరదలు మూడు ముక్కలు తయారుచేసుకుంది. "ఉప్పు ముందురోజు, పులుపు మరిగాక, తీపి ఆఖర్న." ఇంతే ఆమె శాస్త్రం.

ఆమె నాకు పలుమార్లు చెప్పగా రాసిపెట్టుకున్న పద్ధతి ఇది. బుధవారం ఉదయం రెక్కలను తుడిచి, ఉప్పు పట్టించి, మూత వేయకుండా చల్లటి చోట పెడుతుంది. చర్మం ఆరితేనే రేపు కరకరలాడుతుంది. మధ్యాహ్నం అనాసపండు రసంలో అల్లం, వెల్లుల్లి, ఎండుమిర్చి, కొంచెం సోయా సాస్, మరికొంచెం వెనిగర్ వేస్తుంది. వాటితోపాటు ఒక గుండ్రటి ఎండుకాయను దంచి వేస్తుంది. లవంగం, దాల్చినచెక్క, జాజికాయ ముగ్గురూ ఒకే ఇంట్లో కాపురమున్నట్టుంటుంది దాని వాసన. ఆ రసాన్ని సగానికి వచ్చేదాకా మరిగించి, పూర్తిగా చల్లార్చి, సాయంత్రం రెక్కల మీద పోస్తుంది. గురువారం ఉదయం ఇనప జాలీ మీద ఒక వరసగా పరిచి, ఒకదానికొకటి తగలకుండా కాలుస్తుంది. గోధుమరంగు చక్కెర పాకం, నిమ్మరసం చివరి పది నిమిషాల్లోనే కుంచెతో పూస్తుంది. తీపిని ముందే పూస్తే మాడుతుంది, అంతే కారణం. ఏ వంటకైనా కారణం తెలిసినవాడు వంటవాడు, కొలత మాత్రమే తెలిసినవాడు గుమాస్తా.

గుమాస్తా అనకూడదు, నేనూ గుమాస్తాగానే చేశాను. పర్యవేక్షకుడు అందాం.

కొత్త పర్యవేక్షకుడు వచ్చిన వారానికే ఆయనకు తాజాబాబు అని పేరు పడింది. నోరు తెరిస్తే తాజా. మొదటి గురువారం వంటగదిలోకి వచ్చి, బల్ల మీద ఉన్న అనాసరసం డబ్బాలు చూసి, చచ్చిన ఎలుకను చూసినట్టు మొహం పెట్టాడట.

"ఏంటక్కా ఇది? డబ్బా రసమా? ఇకనించి అంతా తాజా పళ్లే. బయట బోర్డు కూడా పెట్టించేస్తున్నా."

"మంచిదే సార్. మరి వాటి చెక్కు తీసేదెవరు?"

"మీరున్నారుగా!"

ఆ తర్వాతి బుధవారం నుంచి వారం వారం నలభై పళ్లు దిగాయి. నలభై పళ్లకు ముళ్లచెక్కు తీసి, కళ్లు తవ్వి, ముక్కలు కోసి, రసం పిండాలి. ఒక్కతే. చేతులకు తొడుగులడిగితే వచ్చే నెల అన్నాడు. ఎనిమిదో పండుకు వేళ్లు మంట, ఇరవయ్యో పండుకు చర్మం తెల్లగా నానిపోవడం, నలభయ్యో పండుకు కొసల మీద తోలు లేచిపోవడం. పచ్చి అనాసకు మాంసాన్ని కరిగించే గుణముంది. ఆ గుణానికి కోడి మాంసం, మనిషి మాంసం అన్న తేడా లేదు.

"సార్, చెయ్యి కాలిపోతోంది. ఇంకో మనిషిని ఇవ్వండి" అని అడిగిందట.

"కందకు లేని దురద కత్తిపీటకెందుకక్కా?" అని నవ్వాడట ఆయన.

"కత్తిపీటకి చర్మం లేదు సార్. నాకుంది."

ఆ జవాబును ఆయన గుర్తుపెట్టుకున్నాడనే నా నమ్మకం.

ఇక యంత్రం సంగతి. ఆ కార్యాలయంలో గేటు దగ్గర హాజరు యంత్రముంది. బొటనవేలు ఆనిస్తే ఆకుపచ్చ దీపం వెలిగి, ఒక ఆడగొంతు "ధన్యవాదాలు" అంటుంది. గుర్తుపట్టకపోతే ఎర్ర దీపంతో "మళ్లీ ప్రయత్నించండి" అంటుంది. బుధవారమంతా పళ్లు ఒలిచిన వేలికి గురువారం ఉదయం గీతలెక్కడివి? మొదటి గురువారం ఆమె పదకొండుసార్లు మళ్లీ ప్రయత్నించింది. వెనక వరస పెరిగిపోయింది. చివరికి గేటు కాపలాదారు అన్నాడు.

"అక్కా, అది నిన్ను గుర్తుపట్టకపోతే పీడా పోయె. నేను గుర్తుపట్టాగా, లోపలికెళ్లు. అవతల నూట అరవై మంది ఆకలితో ఉంటారు."

వెళ్లింది. కాల్చింది. వాళ్లు తిన్నారు. యంత్రం మాత్రం ఆమె రాలేదని రాసుకుంది. ఆ సంగతి ఆమె ఆ సాయంత్రమే తాజాబాబుకు చెబితే, "నేను చూసుకుంటాలే" అన్నాడు. చూసుకున్నాడు, ఏడు వారాలు.

ఆరు వారాలు రెక్కలు బాగానే వచ్చాయి. కారణం చెప్పాను కదా, రసాన్ని మరిగించేది. మరిగితే ఆ పండు కోరలు ఊడిపోతాయి. ఏడో బుధవారం ఆయన వంటగది గోడకు ఒక నోటీసు అంటించాడు: "పండ్ల రసమును వేడి చేయరాదు. తాజాదనమే మన గుర్తింపు." ఆ భాష సరిగా అర్థం కాక, అంటించగా మిగిలిన నకలు ఒకటి ఆమె మధ్యాహ్నం విరామంలో నా దగ్గరకు తెచ్చింది. మా ఇల్లు ఆ వీధి చివరే.

"బావగారూ, వేడి చేయరాదు అంటే అసలు చెయ్యొద్దనా, ఎక్కువ చెయ్యొద్దనా?"

"అసలు వద్దనమ్మా."

"అయితే చచ్చామే! రాత్రంతా పచ్చిరసంలో ఉంటే పొద్దుటికి ఎముకలు తప్ప ఏం మిగలవు."

తిరిగి వెళ్లి ఆ మాటే చెప్పింది. పండు మాంసాన్ని తింటుందా అని ఆయన అందరి ముందూ పగలబడి నవ్వాడట. రసాన్ని ఆయనే స్వయంగా టబ్బులో పోశాడు. గురువారం పొద్దున మూత తీస్తే రెక్కలు చేతికి తియ్యని ముద్దలా వచ్చాయి. చర్మం ఒకవైపు, ఎముక ఒకవైపు. కాలిస్తే పైన మాడి లోపల పిండి. ఎనిమిదో అంతస్తు నుంచి ఫిర్యాదు వచ్చింది. మధ్యాహ్నానికి గోడ మీది నోటీసు మాయమైంది. సాయంత్రానికి మెమో తయారు.

ఆ రాత్రి మా తమ్ముడు అన్నం ముందు కూర్చుని లేచిపోయాడు. వాడు కోప్పడితే పళ్లెం మీద కోప్పడతాడు. ఆమె ఏడవలేదు. మెమోను రెండుసార్లు చదివించుకుని, ఒక్క మాట అడిగింది.

"ఉద్యోగం పోతే ఇంకో పొయ్యి దొరుకుతుంది బావగారూ. కానీ రెక్కలు పాడుచేసింది రెక్కలక్కే అని రాశాక, ఇంకో పొయ్యి దగ్గర నన్నెవరు నిలబెడతారు? ముందా ముక్క చెరిపించాలి."

ఆమెకు కావలసింది అదీ. తర్వాత జరిగిందంతా ఆ ఒక్క ముక్క కోసమే.

ఆమెను పన్నెండు రోజులు పనిలోకి రానివ్వలేదు. పదమూడో రోజు, బుధవారం, విచారణ. ఆమె తరఫున ఒకరు రావచ్చు కాని మాట్లాడకూడదట. రెండు దస్త్రాలు చంకన పెట్టుకుని నేను వెళ్లాను. గది చిన్నది, కిటికీకి అట్ట అంటించి ఉంది. కళ్లద్దాలకు గొలుసు వేసుకున్న ఒక పెద్దావిడ విచారణాధికారిణి. ఆమె పక్కన, ప్రతివాది అయి ఉండవలసిన తాజాబాబు ఫిర్యాదిగా కూర్చున్నాడు.

నేను నోటీసు నకలు ముందుకు తోశాను. అధికారిణి అటూ ఇటూ తిప్పింది.

"దీని మీద సంతకం లేదే?"

"నేనెప్పుడూ అలాంటి నోటీసు పెట్టలేదు మేడమ్" అన్నాడు తాజాబాబు.

నేను నోరు తెరిచాను. "మీరు మాట్లాడకూడదు" అంది ఆవిడ. నలభై ఏళ్లు కాగితాలను నమ్ముకున్నవాణ్ణి. సంతకం లేని నిజం కంటే సంతకం ఉన్న అబద్ధానికే విలువ అని నా కాగితాలే ఆ రోజు నాకు చెప్పాయి.

తర్వాత హాజరు విషయం. వేలిగీతలు అరిగిపోయాయని మా మరదలు చెప్పింది. "అదేం కథ?" అన్నాడాయన. "మిషన్ బాగానే ఉంది. కావాలంటే ఇప్పుడే చూడండి." అందరం గేటు దగ్గరకు నడిచాం. ఆమె బొటనవేలు ఆనించింది.

"ధన్యవాదాలు" అంది యంత్రం.

పన్నెండు రోజులు ఇంటిపట్టున ఉన్న వేలికి కొత్త చర్మం వచ్చింది. తాజాబాబు మొహం వెలిగిపోయింది. అధికారిణి తన పుస్తకంలో ఏదో రాసుకుని మూయబోయింది.

"మేడమ్" అంది మా మరదలు. "ఇవాళ బుధవారం. పళ్లు దిగే ఉంటాయి. తెప్పించండి."

"ఎందుకు?"

"ఒలుస్తాను. ఒలిచాక ఇదే వేలు ఇదే మిషన్ మీద పెడతాను. ఓ ఎనిమిది రెక్కలు కూడా ఇప్పించండి. నాలుగు పచ్చిరసంలో, నాలుగు మరిగించిన రసంలో వేద్దాం. మీరు విచారణకని రోజంతా రాసుకుని ఉంటారు కదా, రోజంతా వాడుకోండి."

"టైం వేస్ట్ మేడమ్" అన్నాడాయన.

"పంతొమ్మిదేళ్లు చేసిన మనిషికి ఒక్క పూట ఇద్దాం" అంది ఆవిడ. ఆ ఒక్క మాటకు ఆవిడ మీద నా కోపం అంతవరకు తగ్గించుకున్నాను.

వంటగదిలో కుర్చీలు వేశారు. మా మరదలు పీట మీద కూర్చుని మొదలుపెట్టింది. ఉదయం తొమ్మిదిన్నర. ఆమె చెయ్యి చూడవలసిందే. తల నరకడం, తోక నరకడం, నిలబెట్టి చెక్కు దించడం, ఏటవాలుగా కళ్లు తవ్వడం. మొదటి రెండు పళ్ల రసాన్ని సగం పచ్చిగా ఉంచి, సగం మరిగించి చల్లార్చి, నాలుగేసి రెక్కల మీద పోసి మళ్లీ పీట మీద కూర్చుంది. పన్నెండో పండు దగ్గర తాజాబాబు విసుగ్గా ఒక ముక్క తీసుకుని నోట్లో వేసుకున్నాడు.

"చూడండి మేడమ్, ఎంత తాజాగా ఉందో!" అని రెండోది, మూడోది కూడా తిన్నాడు. కాసేపటికి నాలుకను పళ్లకేసి రుద్దుకోవడం మొదలుపెట్టాడు.

"ఏమైంది?" అంది అధికారిణి.

"ఏం లేదు మేడమ్. కొంచెం చురుక్కుమంటోంది."

తల ఎత్తకుండా అంది మా మరదలు. "మీరు దాన్ని తింటున్నాననుకుంటున్నారు సార్. అది కూడా మిమ్మల్ని తింటోంది."

గుమ్మంలో నిలబడిన కాపలాదారు దగ్గు వచ్చినట్టు నటించాడు.

ముప్పయ్యో పండుకు ఆమె వేళ్ల కొసలు ఎర్రబడ్డాయి. "చాలమ్మా" అంది అధికారిణి. "నలభై మేడమ్. బుధవారం లెక్క నలభై" అని ఆమె ఆపలేదు. నేను గోడవైపు తిరిగి కూర్చున్నాను. ఒక మనిషి తన నిజాన్ని రుజువు చేసుకోవడానికి తన చర్మాన్ని తనే ఒలుచుకోవలసి రావడం, దాన్ని కుర్చీలు వేసుకుని మనం చూడడం! ఏ నిబంధన కింద జరిగిందో ఆ దస్త్రంలో ఈనాటికీ రాసి లేదు.

ఒంటిగంటకు మళ్లీ గేటు. చేతులు కడుక్కుని, తుడుచుకుని, బొటనవేలు ఆనించింది.

"మళ్లీ ప్రయత్నించండి."

ఆనించింది.

"మళ్లీ ప్రయత్నించండి."

ఐదోసారికి అధికారిణి ఆమె మణికట్టు పట్టుకుని వెనక్కు తీసింది. కాపలాదారు ఇక ఉండబట్టలేకపోయాడు.

"మేడమ్, నేనొక మాట చెప్పొచ్చా? అక్క బదులు వచ్చిన కొత్త వంటాయనకి కూడా పోయిన గురువారం ఇంతే. వేలు పడలేదు. సార్‌కి ఫోన్ చేశాను. సార్ కంప్యూటర్‌లో చేత్తోనే వచ్చినట్టు వేసేశారు."

యంత్రం దీపం ఆర్పుకుని మళ్లీ వెలిగించుకుంది.

"అలా వేయొచ్చా?" అని అధికారిణి తాజాబాబును అడిగింది.

"వేయొచ్చు మేడమ్. ప్రత్యేక సందర్భాల్లో..."

"మరి ఈమెకి ఏడు గురువారాలు ఎందుకు వేయలేదు?"

ఆయన నాలుక అప్పటికి బాగా మండుతున్నట్టుంది. కాపలాదారును మంచినీళ్లు అడిగాడు.

వంటగదిలో మిగతాది త్వరగా ముగిసింది. మూడు గంటలకు పైగా పచ్చిరసంలో ఉన్న రెక్కను అధికారిణి చెంచాతో నొక్కితే పైచర్మం జారి, కింద మాంసం నానిన రొట్టెలా విడిపోయింది. మరిగిన రసంలోవి నాలుగూ గట్టిగా, నిగనిగలాడుతూ ఉన్నాయి. "ఇవి కాల్చకపోతే పాపం" అంటూ మా మరదలు మండే వేళ్లతోనే వాటిని జాలీ మీద పెట్టింది. చివరి పది నిమిషాల్లో పాకం పూసింది. పాకం అంచుల్లో బుడగలు కట్టి, నిమ్మ వాసన గదంతా అలుముకుంది. అధికారిణి ఒకటి తిని, నాప్కిన్‌తో వేళ్లు తుడుచుకుని, రెండోది తీసుకుంది. నాకొకటి వచ్చింది. ముందు తీపి, వెంటనే పులుపు, మింగాక కారం. ఆ కోపంలో కూడా అది అద్భుతంగా ఉందని ఒప్పుకోవలసి రావడం నాకు ఇంకా కోపం తెప్పించింది.

కథ ఇక్కడ సుఖాంతం కావాలి. కాలేదు. ఆరు రోజుల తర్వాత ఉత్తర్వు వచ్చింది. "దీర్ఘకాల సేవను దృష్టిలో ఉంచుకొని, మానవతా దృక్పథముతో కనికరించి, భవిష్యత్తులో జాగ్రత్త వహించవలెనని హెచ్చరించుచూ" ఆమెను తిరిగి తీసుకున్నారట. కింద ఆమె సంతకానికి చోటు.

"పెట్టెయ్యవే, ఉద్యోగం వచ్చిందిగా" అన్నాడు మా తమ్ముడు.

"పెడితే ఆ రెక్కలు నేనే పాడుచేసినట్టు. ఈ చేత్తో చేసిన వంట మీద ఈ చేత్తోనే అబద్ధం రాయమంటావా?"

"మరి ఏం చేస్తావు?"

"బావగారు రాస్తారు. నేను చెబుతాను."

నేను నాలుగు పేజీలు సిద్ధం చేసుకున్నాను. ధర్మశాస్త్రాల నుంచి రెండు, సేవా నిబంధనల నుంచి ఐదు ఉటంకింపులు. ఆమె చేతులకు వెన్న రాసుకుంటూ విని, "పొడుగైతే చదవరు బావగారూ" అని, మూడు వాక్యాలు చెప్పింది. అవే పంపాం. "నేను కనికరం అడగలేదు. ఏడు గురువారాలూ వచ్చాను, వండాను. రసం మరిగించవద్దన్నది నేను కాదు." నా నాలుగు పేజీలు నా దగ్గరే ఉన్నాయి. వాటికంటే ఆ మూడు వాక్యాలే బాగున్నాయని ఇప్పటికీ పైకి అనలేదు.

తొమ్మిదో రోజున, మళ్లీ ఒక బుధవారం పొద్దున్నే, కాపలాదారే కవరు పట్టుకుని మా వీధికి వచ్చాడు. ఒకే పేరా. మెమో ఉపసంహరించడమైనది. ఏడు గురువారాలు హాజరుగా పరిగణించడమైనది. వంటగదిలో రసం డబ్బాలు పునరుద్ధరించడమైనది. సంతకం, ముద్ర. క్షమాపణ అనే పదం కోసం కాగితాన్ని వెలుతురుకు ఎత్తి కూడా చూశాను. లేదు. తాజాబాబు మీద చర్య కూడా లేదు. ఆయనను ఇంతకంటే పెద్ద క్యాంటీన్‌కు బదిలీ చేశారు, పైమెట్టు హోదాతో. ఆ సంగతి విని నేను అరిచిన అరుపుకు పక్కింటివాళ్లు కిటికీ తెరిచారు.

"ఊరుకోండి బావగారూ, బీపీ" అంది మా మరదలు. "పాపం అక్కడ పళ్లు ఎవరు ఒలుస్తారో!"

ఉత్తర్వుకు రంధ్రాలు వేసి దస్త్రంలో పెట్టబోతుంటే ఆమె చెయ్యి అడ్డం పెట్టింది.

"అసలుది నాకివ్వండి. మీరు నకలు పెట్టుకోండి."

నేను అసలు కాగితం ఎవరికీ ఇవ్వను. ఇచ్చాను.

ఆమె వెంట క్యాంటీన్ దాకా నడిచాను. గేటు దగ్గర యంత్రం ధన్యవాదాలు అంది. వంటగది గోడ మీద పాత నోటీసు చింపిన చోట నాలుగు మూలలా జిగురు మరకలు ఇంకా ఉన్నాయి. సరిగ్గా ఆ నాలుగు మరకల మీద ఉత్తర్వును అంటించి, అరచేత్తో గట్టిగా రుద్దింది.

"దీనికి సంతకముంది" అంది.

"రేపొకడు వచ్చి చింపేస్తేనో?"

"మీ దగ్గర నకళ్లున్నాయిగా."

తర్వాత ఆమె ఇక నావైపు చూడలేదు. రేపు గురువారం. ట్రేలు దించి, రెక్కలు తుడిచి, ఉప్పు డబ్బా మూత తీసింది. వేళ్ల కొసల్లో పగుళ్లు ఇంకా పూర్తిగా మానలేదు. ఉప్పు తగలగానే ఒక్క క్షణం పెదవి బిగబట్టి, పని సాగించింది.